తూముకు అడ్డంపడ్డ గడ్డ

ధనుర్మాసంలో ముగ్గు వేయడానికి వంగినప్పుడే మొదటిసారి కళ్లు చీకట్లు కమ్మాయి. అది 2022 డిసెంబరు. చిత్తూరు కట్టమంచిలో మా ఇంటి ముందు చుక్కలు పెట్టి గీతలు కలుపుతున్నాను. తల వంచగానే అయిదారు సెకన్లు ఏమీ కనిపించలేదు. లేచి నిలబడ్డాక చుక్కలన్నీ మళ్లీ కనిపించాయి. నిద్ర చాలలేదేమో అనుకుని ముగ్గు పూర్తి చేసి, బడికి బస్సెక్కాను.

తలనొప్పి మాత్రం అంతకు రెండు నెలల ముందు, దసరా సెలవుల్లోనే మొదలైంది. తెల్లవారుజామున నాలుగింటికి నొప్పితోనే మెలకువ వచ్చేది. వాంతి అయితే కాస్త తగ్గేది. పది గంటలకు బళ్లో పాఠం చెప్పేటప్పటికి మామూలు మనిషినే. అందుకే ఎవరూ దాన్ని పెద్దగా పట్టించుకోలేదు, నేను కూడా. అమ్మ "పైత్యం మే, ఎండలో తిరుగుతావు, టయానికి తినవు" అని జీలకర్ర కషాయం పెట్టింది. ఊళ్లో ఒక డాక్టరు సైనస్ అన్నారు, ఇంకొకరు మైగ్రేన్ అన్నారు. ఇద్దరి మందులూ వాడాను. ఇద్దరూ నా కళ్లలోకి లైటు వేసి చూడలేదు. వాళ్లను నిందించడానికి చెప్పడం లేదు. తలనొప్పి అని వచ్చేవాళ్లలో నూటికి తొంభై మందికి పైగా మామూలు కారణాలే ఉంటాయి. కానీ పడుకుని లేచేసరికి ఎక్కువై, వాంతితో కలిసి వచ్చే నొప్పికి ఒక పద్ధతి ఉందని నాకు అప్పుడు తెలిసుంటే రెండు నెలలు పోయేవి కావు.

సంక్రాంతి సెలవుల ముందు బోర్డు మీద నేను రాసిన అంకెలే నాకు రెండేసిగా కనిపించాయి. కళ్లజోడు నంబరు మారిందేమోనని కంటి డాక్టరమ్మ దగ్గరికి వెళ్లాను. ఆమె చుక్కల మందు వేసి, అరగంట కూర్చోబెట్టి, కంటి వెనక భాగం చూశారు. రెండో కన్ను కూడా చూశారు. మళ్లీ మొదటి కన్ను చూశారు. "మీ వెంట ఎవరొచ్చారమ్మా?" అని అడిగారు. అప్పుడు భయం వేసింది.

"కంట్లో జబ్బేమీ లేదు. కంటి నరం మొదలు ఉబ్బి ఉంది. తలలో ఒత్తిడి పెరిగితే ఇలా అవుతుంది. రేపటి దాకా ఆగొద్దు, ఇవాళే తలకు సీటీ స్కాన్ తీయించండి."

నా జబ్బు దొరికింది ఆ అరగంటలో, ఆ కుర్చీలో. తర్వాత జరిగినవన్నీ పెద్ద మెషిన్లు, పెద్ద ఆపరేషన్. అయినా ఆ డాక్టరమ్మ నా కన్ను రెండోసారి చూడకపోతే ఏమయ్యేదో ఇప్పటికీ ఆలోచిస్తుంటాను.

సీటీలో మెదడు లోపల నీరుండే పై గదులు రెండూ ఉబ్బి ఉన్నాయి. వాటి మధ్య గోడను పట్టుకుని ఒక గడ్డ, అందులో సున్నపు చుక్కలు. చిత్తూరు మనుషులకు ఇలాంటప్పుడు ఒకటే ప్రశ్న: తిరుపతా, వేలూరా? మాకు వేలూరే దగ్గర. నాయన వేలూరే అన్నాడు. అక్కా బావా ఉండేది తిరుపతి బైరాగిపట్టెడలో. ఎన్ని రోజులు పడుతుందో తెలియని జబ్బుకు అన్నం తెచ్చిపెట్టే మనిషి దగ్గరుండాలని నేనే తిరుపతి అన్నాను. ఇప్పుడు ఎవరైనా అడిగినా అదే చెబుతాను. రెండు చోట్లా మంచి డాక్టర్లున్నప్పుడు, మనవాళ్లు ఎక్కడుంటే అక్కడికి వెళ్లడం మేలు.

అక్కడ ఎమ్మారై తీశారు. న్యూరోసర్జన్ ఫిల్మును లైటు మీద పెట్టి చూపిస్తుంటే గడ్డ సబ్బు నురగలా బుడగలు బుడగలుగా కనిపించింది. నాలుగు సెంటీమీటర్లు. నాయన ముఖం చూసి ఆయన కాగితం తీసుకుని బొమ్మ గీశారు. మెదడు లోపల నాలుగు గదులుంటాయి, వెంట్రికల్స్ అంటారు. వాటిలో రోజుకు దాదాపు అరలీటరు నీరు ఊరుతుంది. తలలో, వెన్నులో కలిపి ఒకసారికి నిలిచి ఉండేది సుమారు 150 మిల్లీలీటర్లే. అంటే పాత నీరు పోతూ కొత్త నీరు వస్తూ రోజుకు మూడుసార్లకు పైనే మారుతుంది. పై రెండు గదుల నుంచి మూడో గదిలోకి నీరు దిగే దారులు చాలా చిన్నవి. వాటిని మన్రో రంధ్రాలంటారు.

"కొండమీద గంగాళం ఇచ్చిన మన్రో దొరేనా సార్?" అన్నాడు నాయన. తిరుమల గుడికి గంగాళం ఇచ్చాడని చెప్పుకునే మద్రాసు గవర్నరు మన్రో సంగతి అది.

డాక్టరు నవ్వి, "ఆయన కాదండీ, ఈయన ఇంకో మన్రో, డాక్టరు" అన్నారు.

తర్వాత నాయనే బొమ్మ మీద వేలు పెట్టి, "అంటే చెరువు తూముకు బండ అడ్డం పడింది. వచ్చే నీళ్లు వస్తానే ఉండాయి, పోయే దారి లేదు. ఇంక కట్ట మీద బరువు పడుతుంది" అన్నాడు. డాక్టరు "అంతే, అంతే" అన్నారు. మా అందరికీ జబ్బు అర్థమైంది అప్పుడే. గడ్డ క్యాన్సర్ కాకపోవచ్చని ఆయన అంతకుముందే చెప్పారు. ఆ మాట పట్టుకుని, క్యాన్సర్ కానప్పుడు తొందరేముందని మా ఆయన అడిగారు. తూము మాట విన్నాక మళ్లీ అడగలేదు. మంచి గడ్డయినా చెడ్డ చోట కూర్చుంది.

రిపోర్టులో 'సెంట్రల్ న్యూరోసైటోమా అయ్యే అవకాశం' అని రాసి ఉంది. ఆ రాత్రి ఫోన్లో వెతికాను. మెదడు గడ్డల్లో నూటికి ఒకటి కూడా ఉండదని, ఎక్కువగా ఇరవై నుంచి నలభై ఏళ్ల వాళ్లలోనే వస్తుందని, 1982లో ఫ్రాన్స్ డాక్టర్లు ఇద్దరు రోగుల్లో చూసి దీనికి ఈ పేరు పెట్టారని చదివాను. నాకు అప్పుడు 31. 'గ్రేడ్ 2' అని చదివి రాత్రంతా ఏడ్చాను. క్యాన్సర్ రెండో స్టేజీ అనుకున్నాను. పొద్దున డాక్టరు చెప్పారు: స్టేజీ అంటే జబ్బు ఎంత దూరం పాకిందన్నది, గ్రేడు అంటే గడ్డలోని కణాల తీరు ఎలాంటిదన్నది. రెండూ ఒకటి కాదు. ఈ గడ్డకు గ్రేడు 2 అని రాసినా సాధారణంగా నెమ్మదిగానే పెరుగుతుందట, పూర్తిగా తీసేస్తే చాలామందికి తిరిగి రాదట. రిపోర్టు చేతికొచ్చిన రాత్రి దయచేసి ఒంటరిగా కూర్చుని ఫోన్ చూడకండి.

ఓపీ వరండాలో శ్రీకాళహస్తి వైపు నుంచి వచ్చిన ఒక పెద్దాయన పరిచయమయ్యారు. బండి మీద నుంచి పడితే తీసిన సీటీలో ఆయనకు నాలుగో గదిలో చిన్న గడ్డ కనబడింది. సబ్‌ఎపెండిమోమా అనుకుంటున్నారట, అది ఇంకా నెమ్మదైన రకం. దారికి అడ్డం లేదు, నొప్పి లేదు. ఆరునెలలకోసారి ఎమ్మారై తీసి చూద్దాం అన్నారట. "నాకేమో తీయమంటే తీయరు, నీకేమో వద్దన్నా తీస్తామంటున్నారు తల్లీ" అన్నారాయన. ఇద్దరి గడ్డలూ ఆ నీటి గదుల్లోవే. గడ్డను చూస్తూ ఉండటం కూడా వైద్యమేనని ఆయన్ను చూశాకే నమ్మాను.

స్టెరాయిడ్ మొదలుపెట్టిన రెండు రోజులకు తలనొప్పి చాలావరకు తగ్గింది. వెంటనే ఇంట్లో ఆపరేషన్ వద్దేమో అన్న మాట వచ్చింది. వాపు తగ్గింది గానీ గడ్డ తగ్గలేదని డాక్టరు గట్టిగా చెప్పారు. ఈహెచ్ఎస్ (ప్రభుత్వ ఉద్యోగుల ఆరోగ్య పథకం) కార్డు మీద అప్రూవల్ రావడానికి నాలుగు రోజులు పట్టింది. ఆ నాలుగు రోజులు మా ఆయన పడిన టెన్షన్ నేను కూడా పడలేదు. సంతకం పెట్టించుకునే ముందు ఫిట్స్, రక్తస్రావం, చేయి కాలు బలహీనపడటం, మతిమరుపు అన్నీ చెప్పారు. ఏవీ దాచనందుకు నాకు ధైర్యమే వచ్చింది.

ఆపరేషన్ ఏడు గంటలు సాగిందట. నాకు గుర్తున్నది ఐసీయూలో తల పక్కన వేలాడుతున్న సంచి. తలలోంచి సన్నటి గొట్టం, దాంట్లోంచి బొట్టు బొట్టుగా నీరు. ఆ సంచిని కొలత ప్రకారం ఒక ఎత్తులో కట్టారు. కిందికి దిగితే నీరు ఎక్కువ పోతుంది, పైకి లేస్తే ఆగిపోతుంది. అక్క ఒకసారి నాకు గంజి తాగిద్దామని మంచం తల వైపు ఎత్తబోతే నర్సు పరుగున వచ్చి ఆపింది. ముందు గొట్టం మూసి, తర్వాతే మంచం కదపాలి. పేషెంటు దగ్గర ఉండేవాళ్లకు ఈ సంగతి ముందే చెప్పాలి. అయిదో రోజు గొట్టం మూసి చూశారు. తలనొప్పి రాలేదు, గదులు మళ్లీ ఉబ్బలేదు. గొట్టం తీసేశారు. దారి తెరుచుకోని వాళ్లకు తల నుంచి పొట్టలోకి చర్మం కిందుగా షంట్ అనే గొట్టం వేస్తారు. నాకు ఆ అవసరం రాలేదు.

మతిమరుపు మాత్రం వచ్చింది. ఎక్కాలు, లెక్కలు, సూత్రాలు అన్నీ గుర్తున్నాయి. పొద్దున ఏం తిన్నానో గుర్తులేదు. పాపకు ఫోన్ చేసి మాట్లాడిన పది నిమిషాలకే మళ్లీ చేశానట. పాప "ఇప్పుడే మాట్లాడావు కదమ్మా" అంటే నాకు నోట మాట రాలేదు. జ్ఞాపకాన్ని నిలిపే నరాల కట్ట గడ్డను ఆనుకునే ఉంటుంది, అది సర్దుకోవడానికి సమయం పడుతుందని డాక్టరు చెప్పారు. ఒక నోటుబుక్కు పెట్టుకుని ప్రతిదీ రాశాను: సంగటి తిన్నాను, మాత్ర వేసుకున్నాను, పాపతో మాట్లాడాను. ఉగాది నాటికి ఆ పుస్తకం అవసరం తగ్గింది.

ఆపరేషన్ కోసం గుండు చేశారు. దానికి నేను పడిన దిగులు ఇంతా అంతా కాదు. కానీ డిశ్చార్జి అయ్యాక బైరాగిపట్టెడ నుంచి ఆటోలో వెళ్తుంటే రోడ్డు మీద ప్రతి పదిమందిలో ఇద్దరికో ముగ్గురికో గుండే. పూలమ్మే ఆమె "దర్శనం బాగా అయిందామ్మా?" అని అడిగింది. బాగా అయిందన్నాను. ఆ ఊళ్లో నా తల వైపు ఒక్కరూ వింతగా చూడలేదు.

బయాప్సీ పేరు తేల్చడానికి రెండు వారాలు పట్టింది. సూక్ష్మదర్శినిలో ఈ కణాలు ఇంకో రకం మెదడు గడ్డ కణాల్లాగే కనిపిస్తాయట. అందుకే సినాప్టోఫిజిన్ అనే ప్రోటీన్ ఉందా లేదా అని వేరే పరీక్ష చేశారు. ఉంది. న్యూరోసైటోమానే. కణాలు ఎంత వేగంగా పెరుగుతున్నాయో చెప్పే కేఐ 67 అనే లెక్క 1 శాతం. అది 2 శాతం దాటితే తిరిగి పెరిగే అవకాశం ఎక్కువని అన్నారు. రక్తనాళానికి అతుక్కున్న చిన్న ముక్కను కావాలనే వదిలేశామని సర్జన్ చెప్పారు. లాగితే రక్తం ఆగేది కాదట. అది పెరిగితే రేడియేషన్ ఉంది, మళ్లీ ఆపరేషన్ ఉంది. పెరగకపోతే చూస్తూ ఉండటమే.

మూడు నెలలకు, ఆరు నెలలకు, తర్వాత ఏడాదికోసారి ఎమ్మారై. ప్రతిసారీ పాత ఫిల్ములన్నీ మోసుకెళ్తాను. కొత్తది ఒక్కటే చూస్తే మార్పు ఎలా తెలుస్తుంది? ఇప్పటికి ఆ ముక్క ఉన్నంతే ఉంది. ఫిట్స్ రాకుండా ఇచ్చిన మాత్ర ఏడాది తర్వాత నెమ్మదిగా ఆపారు, స్కూటీ నడపడానికి ఆ తర్వాతే ఒప్పుకున్నారు.

మొన్న తొమ్మిదో తరగతి పిల్ల ఒకతి తలనొప్పి అని బెంచీ మీద తల వాల్చింది. పొద్దున ఎక్కువా, సాయంత్రం ఎక్కువా, వాంతులున్నాయా అని అడిగాను. సాయంత్రమే అంది. అయినా మనసు ఆగక, వాళ్లమ్మను పిలిపించి ఇద్దరినీ ఆ కంటి డాక్టరమ్మ దగ్గరికి తీసుకెళ్లాను. చుక్కల మందు వేసి రెండు కళ్లూ చూశారు. పిల్లకు కళ్లజోడు పడింది, అంతే.