టూత్‌పేస్ట్ రుద్దిన డిస్కు, రెండు డ్రైవులు

దసరా ముందు సున్నాలు వేయించడానికి సామాన్లు దించుతుంటే సజ్జ మీద నుంచి ఒక అట్టపెట్టె దిగింది. పైన అమ్మ పాత చీర ముక్క కప్పి ఉంది. తీస్తే మా పీఎస్ 2, అంటే టీవీకి పెట్టి ఆడే ప్లేస్టేషన్ 2 గేమ్ కన్సోల్, రెండు కంట్రోలర్లు, వాటిలో ఒకదాని వైరు ఎలుక కొరికేసింది, అడుగున 23 గేమ్ డిస్కులు. నల్లగొండ ఎండ సంగతి చెప్పేదేముంది, మే నెలలో 45 డిగ్రీలు చూసే ఊరు, అందులోనూ స్లాబుకు ఆనుకుని ఉండే సజ్జ, పదేళ్లకు పైగా ఆ డిస్కులు అక్కడే ఉడికాయి. "ఇవి ఉంచుడా పారేసుడా బిడ్డా" అని అమ్మ అడిగితే ఉంచుదాం అన్నాను. కానీ ఉంచి ఏం చేయాలి? పీఎస్ 2 ఆన్ చేస్తే ఎర్ర లైటు పచ్చగా మారుతోంది, డిస్కు మాత్రం చదవట్లేదు, లెన్స్ పోయినట్టుంది. సరే, ఈ డిస్కులు కూడా పోకముందే కంప్యూటర్‌లోకి ఎక్కిద్దామని కూర్చున్నాను. శని, ఆదివారాల్లో అయిపోతుందనుకున్నా. మూడు వారాలు పట్టింది.

సిగ్గుపడాల్సిన విషయం ఒకటి ముందే చెప్పేస్తా. అప్పట్లో గడియారం సెంటర్ దగ్గర ఒక షాపులో, కాపీ డిస్కులు కూడా నడిచేలా పీఎస్ 2కు చిప్ వేయించుకుని వంద రూపాయల కాపీ డిస్కులు కొన్నవాళ్లమే మేమందరం. 23లో 14 అవే. ఒరిజినల్స్ 9. ఏది ఏదో తెలియాలంటే కవర్ చూడక్కర్లేదు, వెనక్కి తిప్పితే చాలు. ఒరిజినల్ డీవీడీ వెండి రంగులో ఉంటుంది, ఫ్యాక్టరీలో అచ్చు గుద్దినట్టు సన్నటి గుంటలు ఒత్తి చేస్తారు. కాపీది ఊదా రంగు, అందులో రంగు పొరను లేజర్‌తో కాల్చి డేటా రాస్తారు. ఎండకూ వేడికీ ముందు పోయేది ఆ రంగు పొరే. మా 14లో 12 కాపీలు, డ్రైవులో పెడితే కనీసం పేరు కూడా చూపించలేదు. ఎలాగూ వాటి జోలికి పోలేదులెండి, అవి మావి అని చెప్పుకోవడానికి లేదు. కొన్న ప్రోగ్రామ్ పాడైపోతుందేమోనని ఒక బ్యాకప్ కాపీ చేసుకోవచ్చని మన 1957 కాపీరైట్ చట్టంలో సెక్షన్ 52 చెబుతుంది, అది కూడా న్యాయంగా చేతిలో ఉన్నవాళ్లకే, సొంత వాడకానికే.

ఆ తొమ్మిదిలో నా ప్రాణం రెండింటి మీద ఉంది. ఒకటి క్రికెట్ 07. ఈఏ స్పోర్ట్స్ కంపెనీ క్రికెట్ గేముల్లో అదే ఆఖరిది, తర్వాత ఇంకోటి తీయలేదు, అందుకే ఊరూరా పిల్లలు ఏళ్ల తరబడి దాన్నే ఆడారు. రెండోది హనుమాన్: బాయ్ వారియర్. 2009లో హైదరాబాద్‌లోనే తయారైన పీఎస్ 2 గేమ్ అది. ఆట గొప్పగా ఉంటుందని చెప్పను, కెమెరాతో కుస్తీ పట్టాలి, కానీ మన దగ్గర చేసిన గేమ్ ప్లేస్టేషన్‌లో ఆడుతున్నామని మేము చేసిన హడావిడి మాత్రం మామూలుగా లేదు.

నా ల్యాప్‌టాప్‌కు డిస్క్ డ్రైవే లేదు. సికింద్రాబాద్ వెళ్లిన రోజు చెనాయ్ ట్రేడ్ సెంటర్‌లో యూఎస్‌బీ డీవీడీ రైటర్ ఒకటి కొన్నాను. ఇలాంటివి కొంటే హబ్‌కు తగిలించకండి, కరెంటు చాలక టిక్కు టిక్కుమని కొట్టుకుంటుంది. నేరుగా ల్యాప్‌టాప్‌కే పెట్టాలి. పీఎస్ 2 డిస్కులకు ఉన్న సుఖం ఏంటంటే మామూలు డీవీడీ డ్రైవ్ వాటిని చక్కగా చదువుతుంది. పీఎస్ 3 డిస్కులైతే బ్లూ-రే, వాటికి ఏ డ్రైవ్ పడితే ఆ డ్రైవ్ పనికిరాదు, అది వేరే తలనొప్పి.

మొదటి తప్పు మొదటి గంటలోనే చేశాను. డిస్కు పెడితే విండోస్‌లో ఫైళ్లు కనిపించాయి కదా, అన్నీ సెలెక్ట్ చేసి ఫోల్డర్‌లోకి లాగేశాను, పని అయిపోయిందనుకుని చాయ్ తాగి వచ్చాను. అది పనికిరాదు. కొన్ని గేములు ఫైలును పేరుతో వెతకవు, డిస్కు మీద ఫలానా సెక్టార్ (డేటా దాచే చిన్న గడి) దగ్గర ఉంటుందని నేరుగా అక్కడికే వెళ్తాయి. ఫైళ్లు విడిగా తీస్తే ఆ లెక్క మొత్తం పోతుంది. డిస్కును మొదటి సెక్టార్ నుంచి చివరి సెక్టార్ దాకా ఉన్నది ఉన్నట్టు ఒకే ఐఎస్‌ఓ ఫైలుగా తీయాలి. అలా ఫోల్డర్ తిరగేయడంలో ఒక మంచి జరిగింది, సిస్టమ్ డాట్ సీఎన్ఎఫ్ అనే చిన్న ఫైలు కంటపడింది. నోట్‌ప్యాడ్‌లో తెరిస్తే రెండు మూడు లైన్లే ఉంటాయి, అందులోనే గేమ్ సీరియల్ నంబర్, వీడియో మోడ్ పాల్ (మన టీవీల పద్ధతి) అని. కవర్ పోయిన డిస్కు ఏ దేశానికి చేసిన ఏ ఎడిషనో తేల్చడానికి తర్వాత అదే ఆధారమైంది.

ఐఎస్‌ఓ తీయడానికి ఇమ్గ్‌బర్న్ వాడాను. 2013 తర్వాత కొత్త వెర్షన్ రాని పాత సాఫ్ట్‌వేర్, అయినా ఈ పనికి ఇప్పటికీ బ్రహ్మాండంగా ఉంది. రీడ్ మోడ్, స్పీడ్ తగ్గించడం, సేవ్ చేసే చోటు, అంతే. రెండో తప్పు ఇక్కడే. సేవ్ చేసే చోటుగా మా టీవీకి పెట్టుకునే హార్డ్ డిస్క్ ఇచ్చాను. 3.9 జీబీ దాకా హాయిగా వచ్చి ఆగిపోయింది. జాగా చూస్తే 300 జీబీ ఖాళీ. మళ్లీ మొదలుపెట్టా, మళ్లీ అక్కడే ఆగింది. డిస్కు పాడైందనుకుని దాన్ని తుడుస్తూ ఒక సాయంత్రం మొత్తం గడిపాను, నవ్వకండి. తీరా చూస్తే హార్డ్ డిస్క్ ఫ్యాట్32లో ఫార్మాట్ చేసి ఉంది, అందులో ఒక్కో ఫైలు 4 జీబీ దాటడానికి వీల్లేదు. ఒక పొర డీవీడీయే 4.7 జీబీ దాకా ఉంటుంది, గాడ్ ఆఫ్ వార్ 2 గేమ్ అయితే రెండు పొరల డిస్కు. హార్డ్ డిస్క్‌లోని సినిమాలన్నీ వేరే చోట దాచి, దాన్ని ఆ హద్దు లేని ఎక్స్‌ఫ్యాట్‌కు మార్చాక ఆ సమస్య పోయింది.

తర్వాత ఏడు డిస్కులు ఏ గొడవా లేకుండా వచ్చేశాయి, ఒక్కోటి 10 నిమిషాల నుంచి అరగంట. వాటి గురించి చెప్పడానికి ఏమీ లేదు.

మిగిలినవి రెండు. ఒకటి పీఎస్ 1 నాటి రేసింగ్ డిస్కు, వెనక నల్లగా ఉండే సీడీ. అది పోయింది. పోవడానికి కారణం మా అన్న. ఎవరైనా ఎత్తుకెళ్తారని అన్ని డిస్కుల మీదా బాల్ పెన్నుతో గట్టిగా ఒత్తి పేరు రాసేవాడు. డీవీడీల మీద రాసిన పేర్ల వల్ల ఏమీ కాలేదు, ఎందుకంటే డీవీడీలో డేటా పొర రెండు ప్లాస్టిక్ బిళ్లల మధ్య, అంటే 0.6 మిల్లీమీటర్ల లోతున ఉంటుంది. సీడీలో అలా కాదు, డేటా పొర బొమ్మ ఉన్న వైపే, సన్నటి లక్క పూత కిందే ఉంటుంది. మనం వెనక గీతలు పడకుండా చూసుకుంటాం, అసలు దెబ్బ ముందు నుంచి తగులుతుంది. ఆ సీడీని బల్బు ముందు పెట్టి చూస్తే మా అన్న పేరు అక్షరం అక్షరం వెలుతురులో కనిపించింది, వెండి పూత లేచిపోయి. అక్కడ డేటా అనేదే లేదు, ఇక ఏ డ్రైవ్ ఏం చదువుతుంది.

రెండోది క్రికెట్ 07. దీనికి దెబ్బ వెనకవైపు. 2010 ప్రాంతంలో డిస్కు ఆగుతోందని అన్నే టూత్‌పేస్ట్ పెట్టి గుండ్రంగా రుద్దాడు, ఎవరో చెప్పారట. డిస్కు మీద అడ్డంగా, అంటే మధ్య నుంచి అంచు వైపు పడ్డ గీతను డ్రైవ్ చాలావరకు సర్దుకుంటుంది, ఒక్కో చుట్టులో పోయేది కొంచెమే కాబట్టి. గుండ్రంగా పడ్డ గీత డేటా నడిచే దారి వెంటే పోతుంది, వరసగా మింగేస్తుంది. ఇమ్గ్‌బర్న్ 61 శాతం దగ్గర ఎర్రర్ అంది. మళ్లీ ప్రయత్నించు అంటే మళ్లీ అదే. వదిలేసి ముందుకు పో అనొచ్చు, కానీ అలా వదిలేసిన చోట ఏముందో ఎవరికి తెలుసు, రేపు ఏ స్టేడియమో లోడ్ అయ్యేటప్పుడు ఆగిపోతుంది.

అప్పుడు పెన్‌డ్రైవ్‌లో ఉబుంటు (విండోస్ లాంటిదే ఇంకో ఆపరేటింగ్ సిస్టమ్) వేసి డీడీరెస్క్యూ మొదలుపెట్టాను. ఇది బుద్ధి ఉన్న ప్రోగ్రామ్. ముందు సులభంగా వచ్చేదంతా తీసేసుకుంటుంది, మొరాయించిన చోటును పక్కన పెడుతుంది, చివర్లో తిరిగొచ్చి దాని పని పడుతుంది. సెక్టార్ సైజు 2048 అని చెప్పాలి, మ్యాప్ ఫైలు పేరు ఇవ్వాలి. ఆ మ్యాప్ ఫైలే అన్నిటికంటే ముఖ్యం. మామూలు టెక్స్ట్ ఫైలు, తెరిస్తే చదవగలం: వచ్చిన ముక్క పక్కన ప్లస్ గుర్తు, రాని ముక్క పక్కన మైనస్. మొదటిసారి ఏడు చోట్ల మైనస్ వచ్చింది, మొత్తం 224 కేబీ. లెక్క వేస్తే ఒక్కో మైనస్ కచ్చితంగా 32 కేబీ. డీవీడీలో తప్పులు దిద్దే ఏర్పాటు 16 సెక్టార్లను ఒక కట్టగా కడుతుంది, కట్ట విడిపోతే పదహారూ పోతాయి. అందుకే ఆ లెక్క.

గిన్నెలు తోమే లిక్విడ్ ఒక చుక్క నీళ్లలో కలిపి, కళ్లద్దాలు తుడిచే గుడ్డతో మధ్య నుంచి అంచుకు తుడిచాను, గుండ్రంగా కాదు. ఆరబెట్టి మళ్లీ పెడితే ఏడు మైనస్‌లు మూడయ్యాయి. అక్కడ బిగుసుకుంది. రాత్రంతా వదిలేసినా కదల్లేదు, డ్రైవ్ వేడెక్కిందే తప్ప.

రామగిరిలో నాకు తెలిసిన జిరాక్స్ సెంటర్ ఉంది, అక్కడ ఇంకా పాత డెస్క్‌టాప్ నడుస్తోంది, అందులో పెద్ద డీవీడీ రైటర్. హార్డ్ డిస్క్, పెన్‌డ్రైవ్, క్రికెట్ డిస్కు పట్టుకుని వెళ్లాను. "ఒక గంట మీ సిస్టమ్ ఇయ్యవా అన్నా" అంటే ఆయన "వైరస్ గిట్ల ఎక్కిస్తవా ఏంది" అని అనుమానంగా చూసి, మధ్యాహ్నం గిరాకీ లేని టైంలో ఇచ్చాడు. అదే ఐఎస్‌ఓ, అదే మ్యాప్ ఫైలు ఇచ్చి డీడీరెస్క్యూ నడిపితే అది మొదటి నుంచి చదవదు, మిగిలిన ఆ మూడు ముక్కల దగ్గరకే వెళ్తుంది. ఒక్కో డ్రైవ్ లెన్స్ ఒక్కోలా చూస్తుంది, ఒకదానికి కనపడనిది ఇంకోదానికి కనపడవచ్చు. రెండు ముక్కలు పెట్టగానే వచ్చాయి. మూడోది నాలుగో ప్రయత్నంలో వచ్చింది. స్క్రీన్ మీద మిగిలింది సున్నా అని చూసి నేను కేక పెడితే జిరాక్స్ అన్న "కరెంటు పోయిందా" అని బయటి నుంచి పరిగెత్తుకొచ్చాడు.

వచ్చింది సరే, సరైనదే వచ్చిందా? ఒకే అచ్చులో గుద్దిన డిస్కులన్నిటికీ ఎండీ5 సంఖ్య, అంటే డేటా మొత్తం నుంచి లెక్కగట్టే గుర్తింపు సంఖ్య, ఒకటే ఉండాలి. రీడంప్ అని, ఆట డిస్కుల సంఖ్యలు నమోదు చేసుకుంటూ వస్తున్న పెద్ద పట్టిక ఉంది. విండోస్‌లో ఉండే సర్ట్‌యుటిల్‌తో నా ఐఎస్‌ఓ సంఖ్య తీసి, సీరియల్ నంబర్‌తో వెతికి పక్కపక్కన పెట్టాను. 32 అక్షరాలు, వేలు పెట్టి ఒక్కొక్కటి చూశాను. సరిపోయింది. మీరు ఇంకేం చేసినా చేయకపోయినా ఈ ఒక్కటి మాత్రం మానకండి, ఎందుకంటే మిగిలిన ఏడింటిలో ఒకటి ఎర్రర్ చూపించకుండానే తప్పుగా వచ్చింది, స్పీడ్ తగ్గించి మళ్లీ తీస్తే గానీ సంఖ్య కలవలేదు.

ఆడటానికి పీసీఎస్ఎక్స్2 ఎమ్యులేటర్, అంటే కంప్యూటర్‌ను పీఎస్ 2లా నడిపించే ప్రోగ్రామ్. దానికి కన్సోల్ బయాస్ (ఆన్ చేయగానే నడిచే లోపలి ప్రోగ్రామ్) కావాలి, అది మన సొంత పీఎస్ 2 నుంచే తీసుకోవాలి. మాది డిస్కు చదవకపోయినా మిగతాదంతా బతికే ఉంది కాబట్టి బయటి ప్రోగ్రాములను కూడా నడిపించే ఫ్రీ మెక్‌బూట్ ఎక్కించిన మెమరీ కార్డు ఒకటి తెప్పించి పెన్‌డ్రైవ్‌లోకి తీశాను. తమాషా ఏంటంటే ఇక్కడ పెన్‌డ్రైవ్ ఫ్యాట్32లో ఉంటేనే మంచిది, లేకపోతే పీఎస్ 2 గుర్తుపట్టకపోవచ్చు. చివరగా అన్నిటినీ సీహెచ్‌డీ అనే, తక్కువ జాగా పట్టే ఫైళ్లుగా కుదించాను, డేటా ఏమీ పోదు. కొన్ని సగానికి తగ్గాయి, కొన్ని అసలు కదల్లేదు.

క్రికెట్ 07 టైటిల్ స్క్రీన్ ఫొటో మహబూబ్‌నగర్‌లో ఉన్న అన్నకు పంపాను. ఐదు నిమిషాల్లో ఫోన్. టూత్‌పేస్ట్ సంగతి, బాల్ పెన్ను సంగతి వరసగా అప్పజెప్పాను. అవేమీ ఆయన చెవికెక్కలేదు.

"అండ్ల నా సేవ్ ఉందారా? వరల్డ్ కప్ సెమీస్‌ల ఆపిన."

సేవ్ డిస్కులో ఉండదే అన్నా, 8 ఎంబీ మెమరీ కార్డులో ఉంటుంది అన్నాను. కార్డు అట్టపెట్టెలో లేదు. ఇద్దరం కాసేపు ఆలోచిస్తే గుర్తొచ్చింది, 2011లో మిర్యాలగూడ బావ సెలవులకు వచ్చి రెండు రోజుల్లో ఇస్తానని పట్టుకెళ్లాడు. బావకు ఫోన్ చేశాను. "ఉంటది బామ్మర్ది, ఏడ్నో సొరుగుల ఉంటది, నువ్వే వచ్చి ఎతుక్కో" అన్నాడు. ఆదివారం మిర్యాలగూడ పోతున్నా.