వాడు విన్న చప్పుడు

1971లో నాకు తొమ్మిదేళ్లు. మాది భీమిలి దాటాక సముద్రం ఒడ్డున ఒక పల్లె. యుద్ధమంటే మాకు తెలిసింది చీకటే. పొద్దు గూకాక దీపం వెలుతురు బయట పడకూడదు. విశాఖ నుంచి వచ్చే బస్సు హెడ్‌లైట్లకు పైసగం నల్లరంగు పూసి ఉండేది. అది చూసి మావాడు మా ఇంటి లాంతరు గ్లాసు పైసగానికి మసీ ఆముదమూ కలిపి పట్టించాడు, వేలితో గీత గీసుకుని మరీ. వాడు జాలరిపేట పిల్లవాడు, ఒకటో తరగతి నుంచీ నా పక్కనే కూర్చునేవాడు. గ్లాసు వేడెక్కగానే ఇల్లంతా కమురుకంపు. అమ్మ ఇద్దరి వీపులూ విమానం మోత మోగించింది.

డిసెంబరు 4 పొద్దున్నే పరుగెత్తుకొచ్చి, "రాత్రి సముద్రంలో పెద్ద చప్పుడైంది, విన్నావా?" అన్నాడు. నేను వినలేదు. మా ఇంట్లో ఎవరూ వినలేదు. వాళ్ల నాన్న ఉరుమేమో అన్నాడు. మాస్టారు కోతలరాయుడని పేరు పెట్టారు. బడిలో వాడి పక్షాన మాట్లాడినవాణ్ని నేనొక్కణ్నే, అదీ నమ్మి కాదు. వాడి జేబులో కాల్చిన నెత్తళ్లు ఉండేవి మరి.

9న రేడియోలో చెప్పారు, విశాఖ దగ్గర పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ మునిగిపోయిందని. మన విమానవాహక నౌక విక్రాంత్ కోసం వచ్చి, 3వ తేదీ అర్ధరాత్రి ప్రాంతంలో పేలిపోయిందట. విక్రాంత్ అప్పటికే అండమాన్ వైపు వెళ్లిపోయింది. పంచాయతీ రేడియో ముందే మావాణ్ని భుజాలకెత్తుకున్నారు. మర్నాడు మాస్టారు వాణ్ని ఎక్కాలు అడగలేదు.

వాళ్ల నాన్న మాత్రం "లోపల ఎంతమంది ఉన్నారట?" అని అందరినీ అడిగాడు. ఎవరికి తెలుసు? 90 మందికి పైగానే అని నేను పెద్దయ్యాక చదివాను.

ఇప్పుడు వాడు గాజువాకలో ఉంటున్నాడు. ఏటా డిసెంబరు 4న ఫోను చేస్తాడు. నేవీ డే జరిపేది కరాచీ మీద మన క్షిపణి పడవలు చేసిన దాడికి గుర్తుగారా అంటే వినడు, అది తన చప్పుడు పండగేనంటాడు. నా అనుమానం నాకు ఇప్పటికీ ఉంది. నగరంలో కిటికీ అద్దాలు అదిరాయంటారు, సరే. భీమిలి అవతలి దాకా వినిపిస్తుందా? కిందటేడు ఆ మాటే అడిగాను.

"దూరం వల్ల కాదురా నీకు వినిపించంది, నీ గురక వల్ల" అన్నాడు.