జలుబు రాకుండా చూసుకుని గొరిల్లాల దగ్గరికి

గొరిల్లాలను చూడ్డానికి ఉగాండా వెళ్తున్నానంటే మా ఇంట్లో అందరిదీ ఒకటే ప్రశ్న, "బహదూర్‌పురా జూలో లేవా?" లేవు. మైసూరు జూలో ఉన్నాయి, 2021లో జర్మనీ నుంచి తెచ్చారు. కానీ అవి పల్లపు అడవుల రకం. నేను చూడాలనుకున్నది కొండ గొరిల్లాలను. ప్రపంచం మొత్తం మీద వెయ్యి పైచిలుకే ఉన్నాయి. అవీ ఉగాండా, రువాండా, కాంగో సరిహద్దుల్లోని అడవుల్లోనే తప్ప ఏ జూలోనూ కనిపించవు.

ముందు పర్మిట్. రువాండాలో 1500 డాలర్లు, ఉగాండాలో 800. ఆలోచించే పనే లేదు, ఉగాండా. ఒక గొరిల్లా కుటుంబం దగ్గరికి రోజుకు 8 మందినే పంపుతారు, ఉండనిచ్చేది గంట. "గంటసేపు చూడ్డానికా ఇంత?" అని మా ఆవిడ రెండుసార్లు అడిగింది. నేను వినిపించుకోలేదు.

తర్వాత ఎల్లో ఫీవర్ టీకా. పాస్‌పోర్టు పట్టుకుని నారాయణగూడలో ప్రభుత్వ టీకాలు వేసే ఐపీఎంకి వెళ్లి వేయించుకున్నాను. ప్రయాణానికి కనీసం 10 రోజుల ముందే వేయించుకోవాలి. ఒక్కసారి వేయించుకుంటే, టీకా వేసినట్టు ఇచ్చే పసుపు కార్డు జీవితాంతం చెల్లుతుంది. అది లేకుండా తిరిగొస్తే మన ఎయిర్‌పోర్టులోనే క్వారంటైన్‌కి పంపేస్తారు. ఈ-వీసా ఆన్‌లైన్‌లోనే వచ్చేసింది.

అసలు టెన్షన్ జలుబుతో. దగ్గుతూ, తుమ్ముతూ కనిపిస్తే అడవిలోకి పంపరు. మన డీఎన్‌ఏకి, వాటి డీఎన్‌ఏకి దాదాపు 98 శాతం పోలిక. మనకు రెండు రోజుల్లో తగ్గిపోయే జలుబు వాటి ప్రాణం మీదికి తేవచ్చు. చెల్లెలి పిల్లలు నుమాయిష్‌కి రమ్మని ఎంత బతిమాలినా వెళ్లలేదు. నాంపల్లి దుమ్ముకి నాకు తుమ్ములు ఖాయం. బయల్దేరేదాకా మిరియాల కషాయమే.

ఎంటెబీలో దిగి, రోడ్డు మీద రోజంతా ప్రయాణిస్తే బ్విండి అడవి. పొద్దున్నే మాస్కులిచ్చి, 10 మీటర్ల దూరం పాటించాలని చెప్పారు. గొరిల్లాలు ఏ రాత్రికి ఆ రాత్రి ఆకులూ కొమ్మలూ వంచి కొత్త పడక వేసుకుంటాయి. ట్రాకర్లు మాకంటే ముందే వెళ్లి, రాత్రి పడకలు వెతికి, అక్కణ్నుంచి జాడ పట్టుకుంటారు. మేం వెళ్లేసరికి ఆ పడకల్లో పేడ ఇంకా పచ్చిగానే ఉంది. దారంతా జారుడు ఏటవాలు, తగిలితే మండే ఆకులు. బ్యాగు మోయడానికి ఊరి కుర్రాణ్ని పెట్టుకోవడం మంచిదైంది. నిజానికి చాలాచోట్ల బ్యాగుతోపాటు నన్నూ లాక్కెళ్లాడు.

పొద దాటగానే సిల్వర్‌బ్యాక్. మగవాటికి పన్నెండేళ్లు దాటాక వీపు మీద వెంట్రుకలు వెండి రంగులోకి మారతాయి. కూర్చుని కాడ విరిచి, పళ్లతో తొక్క చీల్చి, లోపలి గుజ్జును చెరకు నమిలినట్టు నములుతోంది. గైడు గొంతులోంచి "మ్మ్..." అని మెల్లగా మూలిగాడు. భయం లేదని వాటికి చెప్పడం అలాగేనట. అది తలెత్తి చూసి మళ్లీ తిండిలో పడింది. ఒక్కోదాన్నీ ముక్కు మీది ముడతలను బట్టి గుర్తుపడతారని గైడు చెప్పాడు. నాకైతే అన్నీ ఒకేలా కనిపించాయి.

ఫోన్ చేస్తే మా అమ్మాయి మొదట అడిగింది, "గుండెలు బాదుకుందా?" బాదుకునేది పిడికిళ్లతో కాదు, అరచేతులతో. పెద్దది మాత్రం ఆ గంటలో ఒక్కసారీ ఆ పని చేయలేదు. ఓ పిల్లది లేచి నిలబడి, ఛాతీ పొట్టా కలిపి వాయించి, పట్టు తప్పి తల్లి మీద వెల్లకిలా పడింది. తల్లి తినడం ఆపలేదు. అప్పటికే గైడు టైమైపోయిందని వాచీ చూపిస్తున్నాడు.