సొంత కంపెనీ, అరువు థియేటర్లు: ఐడా లుపినో సినీ జీవితం

ఐడా లుపినో పేరు ఎత్తిన వారెవరైనా 1950లలో హాలీవుడ్‌లో దర్శకత్వం చేసిన దాదాపు ఏకైక మహిళ అని పరిచయం చేసి ముందుకు సాగిపోతారు. అందులో అబద్ధమేమీ లేదు. అక్కడి దర్శకుల సంఘంలో మొదటి మహిళ అయిన డొరోతీ ఆర్జ్‌నర్ 1943 తరువాత సినిమాలు తీయడం మానేశాక, ఆ సంఘంలో సభ్యత్వం పొందిన రెండో మహిళ లుపినోనే. అయితే ఆ పరిచయం దగ్గరే ఆగిపోతే ఆమె నిర్మాత కూడా అన్న సంగతి మరుగున పడిపోతుంది. ఆమె ఏ కథలు తీయగలిగిందో, ఎందుకు తీయగలిగిందో, చివరికి ఎందుకు ఆపేయవలసి వచ్చిందో తెలియాలంటే కెమెరా వెనక కన్నా ముందు కంపెనీ జమాఖర్చుల్లోకి తొంగి చూడాలని నా అభిప్రాయం.

1918లో లండన్‌లో, తరతరాలుగా రంగస్థలాన్నే నమ్ముకున్న కుటుంబంలో ఆమె పుట్టింది. తండ్రి స్టాన్లీ లుపినో పేరున్న హాస్యనటుడు, తల్లి కూడా నటి. పదిహేనేళ్ల వయసులో పారమౌంట్ స్టూడియో వారి పిలుపు మీద హాలీవుడ్ చేరింది. 1934లో పోలియో సోకినా కోలుకుని మళ్లీ నటించింది. చాలాకాలం పాటు చిన్నాచితకా వేషాలే దక్కాయి. 1940లో వార్నర్ బ్రదర్స్ తీసిన 'దే డ్రైవ్ బై నైట్'లో, కోర్టు బోనులో నిలబడి మతి చెదిరిపోయే భార్య పాత్రతో ఆమె పేరు మారుమోగింది. ఆ మరుసటి ఏడు వచ్చిన 'హై సియెర్రా' టైటిళ్లలో హంఫ్రీ బోగార్ట్ కంటే ముందు ఆమె పేరే పడింది. 'ద హార్డ్ వే'లో నటనకు 1943లో న్యూయార్క్ సినీ విమర్శకుల అవార్డు కూడా వచ్చింది. అంత జరిగినా ఆ స్టూడియోలో మంచి పాత్రలన్నీ ముందుగా అక్కడి అగ్రతార బెట్టీ డేవిస్ గడప తొక్కి, ఆమె కాదన్నవే తన దాకా వస్తాయని లుపినోకు తెలుసు. తనను తాను పేదవాళ్ల బెట్టీ డేవిస్‌నని చెప్పుకుని నవ్వుకునేది.

ఆ రోజుల్లో హాలీవుడ్ నటులు స్టూడియోతో ఏళ్ల తరబడి ఒప్పందంలో ఉండేవారు. మద్రాసు స్టూడియోల్లో నెలజీతాల మీద పని చేసిన మన పాతతరం నటీనటుల సంగతి తెలిసినవారికి ఈ పద్ధతి కొత్తగా అనిపించదు. ఇచ్చిన వేషం వద్దంటే జీతం ఆపి పక్కన కూర్చోబెట్టేవారు. లుపినో చాలాసార్లు వద్దంది, అన్నిసార్లూ పక్కన కూర్చుంది. అలా ఖాళీగా ఉన్న రోజుల్లో ఆమె సెట్ల మీదికి వెళ్లి దీపాలు ఎక్కడ పెడుతున్నారో, ఏ షాటు తరువాత ఏ షాటు ఎందుకు తీస్తున్నారో, ఎడిటింగ్ గదిలో ఏది మిగులుతోందో చూస్తూ గడిపింది. శిక్షగా వేసిన ఖాళీ సమయాన్ని ఆమె చదువుగా మార్చుకుంది. ఆమెకు దర్శకత్వంలో మరో బడి లేదు.

వార్నర్‌ను వదిలాక, 1948లో పెళ్లి చేసుకున్న కొలియర్ యంగ్‌తో కలిసి సొంతంగా సినిమాలు తీయడానికి పూనుకుంది. మొదటి చిత్రం 'నాట్ వాంటెడ్' 1949లో వచ్చింది. పెళ్లి కాకుండా తల్లి అయిన అమ్మాయి కథ అది. చిత్రీకరణ మొదలైన కొద్ది రోజులకే దర్శకుడు ఎల్మర్ క్లిఫ్టన్‌కు గుండెపోటు వచ్చింది. మరో దర్శకుణ్ని తెచ్చుకునే స్తోమత లేక ఆ బాధ్యతను లుపినోయే నెత్తిన వేసుకుంది. టైటిళ్లలో మాత్రం క్లిఫ్టన్ పేరే ఉంచారు.

ఆ సినిమా మొదటి దృశ్యం ఒక్కటి చూసినా ఆమె పనితనం తెలిసిపోతుంది. ఎత్తుగా ఉన్న వీధిలో ఒక యువతి కెమెరా వైపు నడిచి వస్తూ ఉంటుంది. చూపు ఎక్కడా నిలవదు. దుకాణం బయట బండిలో పడుకోబెట్టిన పసిబిడ్డ కనబడగానే ఆగి, బిడ్డను ఎత్తుకుని, తన బిడ్డే అన్నంత సహజంగా నడిచి వెళ్లిపోతుంది. ఆ తరువాతే తల్లి కేకలు, పోలీసులు, జైలు గది. ఆ అమ్మాయి మంచిదో చెడ్డదో తేల్చుకునే వ్యవధి మనకు ఇవ్వకుండానే ఆమె గతంలోకి తీసుకువెళ్తుంది సినిమా.

ఆ తరువాత వారి కంపెనీ 'ద ఫిల్మేకర్స్' పేరుతో నడిచింది. 'నెవర్ ఫియర్' పోలియో సోకిన నర్తకి కథ. ఆ జబ్బు బాధ స్వయంగా తెలిసిన దర్శకురాలు శాంటా మోనికాలోని నిజమైన చికిత్సాలయంలోకే కెమెరా తీసుకుపోయి, చక్రాల కుర్చీలలో జరిగే నృత్యంలో అక్కడి రోగులనే నటింపజేసింది. సినిమా ఆడలేదు. దానితో పెట్టుబడికీ పంపిణీకీ కోటీశ్వరుడు హోవర్డ్ హ్యూస్ చేతిలో ఉన్న ఆర్.కె.ఓ. అనే స్టూడియోను ఆశ్రయించవలసి వచ్చింది. 1950లో వచ్చిన 'ఔట్‌రేజ్' అత్యాచారానికి గురైన యువతి గురించి. అప్పటి సెన్సారు నియమావళి పుణ్యమా అని ఆ మాటను సినిమాలో ఒక్కరూ ఉచ్చరించరు. అయినా నిర్మానుష్యమైన రాత్రి వీధుల్లో ఆ అమ్మాయి పరుగెత్తే ఘట్టంలో, లారీల మధ్య నుంచి దారి వెతుక్కుంటూ ఉంటే, ఏం జరగబోతోందో ప్రేక్షకుడికి వేరే చెప్పవలసిన పని ఉండదు. ఈ సినిమా రెండో సగంలో మంచివాడైన పాస్టరు వచ్చి అన్నీ చక్కబెట్టే తీరు మాత్రం నాకు అంతగా రుచించదు. పైన ఉన్నవారిని ఒప్పించడానికి అల్లిన ముగింపులా తోస్తుంది.

1953 నాటి 'ద హిచ్-హైకర్' ఆమె చిత్రాలలో అన్నిటికన్నా ఎక్కువమంది చూసినది. చేపలు పట్టడానికి బయలుదేరిన ఇద్దరు మిత్రులు దారిలో ఒక వ్యక్తిని కారులో ఎక్కించుకుంటారు. అతడు తుపాకీ తీస్తాడు. దీనికి ఆధారం బిల్లీ కుక్ అనే హంతకుడి అసలు నేరాలే, పేరు మాత్రం మార్చారు. విలియం టాల్‌మన్ వేసిన ఆ పాత్రకు కుడికన్ను రెప్ప మూతపడదు. రాత్రి ఆరుబయట పడుకున్నప్పుడు అతడు నిద్రపోయాడో మేలుకుని ఉన్నాడో బందీలకు అంతుపట్టదు. పారిపోదామా వద్దా అన్న ప్రశ్న అంతా ఆ తెరిచి ఉన్న కంటి మీదే ఆధారపడి ఉంటుంది. నికోలస్ ముసురాకా ఛాయాగ్రహణంలో, మెక్సికో అని చూపించిన ఆ రాళ్లూ ఎడారీ నిజానికి కాలిఫోర్నియాలోని లోన్ పైన్ దగ్గరివి. స్పానిష్ సంభాషణలకు అనువాదం ఇవ్వకపోవడం వల్ల అమెరికన్ ప్రేక్షకుడు కూడా హంతకుడిలాగే పక్కవాళ్లు ఏమనుకుంటున్నారో తెలియక అనుమానిస్తూ కూర్చోవాలి. సుమారు డెబ్బై నిమిషాల సినిమాలో ప్రధాన పాత్రలన్నీ పురుషులవే. మహిళా దర్శకురాలు ఆడవాళ్ల కథలే తీయాలని పట్టుపట్టేవారికి ఇది మింగుడుపడదు.

ఇదంతా తక్కువ ఖర్చులో చేశారు. సెట్లు కట్టే బదులు అసలు వీధుల్లో తీయడం, పెద్ద పారితోషికాలు లేని కొత్తవారిని తీసుకోవడం, ఏ షాటు ఎలా తీయాలో ముందే తేల్చుకుని సెట్‌కు రావడం వారి అలవాటు. పొదుపు వాళ్ల చేతిలో ఉన్నా థియేటర్లు వాళ్ల చేతిలో లేవు. సినిమా ఆడినా లాభాల్లో పెద్ద వాటా ఆర్.కె.ఓ.కే పోయేది. అందుకని పంపిణీ కూడా తామే చేసుకుందామని కొలియర్ యంగ్ ప్రతిపాదించాడు. లుపినో వద్దంది. మనకు సినిమా తీయడం తెలుసు గానీ అమ్మడం తెలియదన్నది ఆమె వాదన. ఆ మాట చెల్లలేదు. 1953లోనే 'ద బిగమిస్ట్'ను తామే విడుదల చేసుకున్నారు. ఇద్దరిని పెళ్లాడిన మనిషి కథ అది. అందులో ఆమె దర్శకత్వం చేస్తూనే ఇద్దరు భార్యలలో ఒకరిగా నటించింది. మరో భార్యగా నటించిన జోన్ ఫాంటేన్ అప్పటికి, లుపినోతో విడిపోయిన కొలియర్ యంగ్ భార్య. అంటే ఆ సినిమా నిర్మాతకు ఒకరు మాజీ భార్య, మరొకరు ప్రస్తుత భార్య. ఇంత విచిత్రమైన ప్రచారం దొరికినా సొమ్ము వెనక్కి రాలేదు. 1955 నాటికి కంపెనీ మూతపడింది.

ఆ 1953లోనే మద్రాసులో భానుమతి గారు 'చండీరాణి'ని తెలుగు, తమిళ, హిందీ భాషలలో తాము స్వయంగా దర్శకత్వం వహించి, ద్విపాత్రాభినయం చేసి విడుదల చేశారు. ఒకరి సంగతి మరొకరికి తెలిసి ఉంటుందని నేను అనుకోను. ఇద్దరూ భర్తతో కలిసి నిర్మాణ సంస్థ నడిపారు, ఇద్దరూ ఇతరుల షరతులు నచ్చక సొంత దారి చూసుకున్నారు. అయితే భానుమతి గారికి భరణి పేరుతో సొంత స్టూడియో ఉంది, సినిమాను మోసే సొంత గొంతు ఉంది, మూడు భాషల మార్కెట్టు ఉంది. లుపినోకు స్టూడియో అద్దెది, పంపిణీ పరాయిది.

కంపెనీ పోయాక ఆమె టెలివిజన్ వైపు మళ్లింది. దీన్ని పతనంగా రాసేవారితో నేను ఏకీభవించను. 'ఆల్‌ఫ్రెడ్ హిచ్‌కాక్ ప్రెజెంట్స్', 'థ్రిల్లర్', 'హావ్ గన్ విల్ ట్రావెల్', 'ద ఫ్యుజిటివ్' వంటి ధారావాహికలకు పదుల కొద్దీ భాగాలు తీసింది. వాటిలో చాలా భాగం తుపాకులు, గుర్రాలు, హత్యలే. 'ట్విలైట్ జోన్' తొలి ధారావాహికలో దర్శకత్వం వహించిన ఏకైక మహిళ ఆమె. అందులో ఒక భాగంలో కథానాయికగా నటించి, మరొక భాగానికి దర్శకత్వం చేసినవారు కూడా ఆమె ఒక్కతే. 1964లో ప్రసారమైన ఆ భాగం పేరు 'ద మాస్క్స్'. చావుకు దగ్గరైన ధనికుడొకడు వారసులకు వికారమైన ముసుగులు తొడిగించి అర్ధరాత్రి దాకా తీయవద్దంటాడు. ముసుగులు తీసేసరికి వారి ముఖాలూ అలాగే మారిపోయి ఉంటాయి. ఒకే ఇంట్లో, కదలని ముసుగులతో అంతసేపు ఉత్కంఠ నిలపడం ఎంత కష్టమో సినిమా తీసేవారికి తెలుస్తుంది.

సెట్ మీద ఆమె కుర్చీ వెనక 'మదర్ ఆఫ్ అజ్ ఆల్', అంటే మనందరి అమ్మ, అని రాసి ఉండేది. మగ సాంకేతిక నిపుణులకు ఆజ్ఞలు ఇవ్వకుండా, అమ్మకో చిక్కొచ్చింది నాయనా, ఇది ఎలాగైనా చేసిపెట్టగలవా అన్న ధోరణిలో అడిగేదానినని ఆమే చెప్పుకుంది. ఇది లొంగుబాటని విమర్శించినవారు ఉన్నారు. ఆ కాలంలో కేకలేసిన దర్శకుడు ఘనుడనిపించుకునేవాడు, కేకలేసిన దర్శకురాలికి మరుసటి వారం పని ఉండేది కాదు. ఆ లెక్క ఆమెకు బాగా తెలుసు.

ఆమె దర్శకత్వంలో చివరిగా వచ్చిన సినిమా 1966 నాటి 'ద ట్రబుల్ విత్ ఏంజెల్స్'. కాన్వెంటు పిల్లల అల్లరి కథ, కొలంబియా వారిది, బాగా ఆడింది, అయినా అందులో పాత లుపినో ఎక్కడో తప్ప కనబడదు. 1972లో 'జూనియర్ బానర్'లో తల్లి పాత్ర చక్కగా పోషించింది. 1995లో మరణించింది. 1998లో 'ద హిచ్-హైకర్'ను అమెరికా జాతీయ చలనచిత్ర జాబితాలో చేర్చారు. కొత్తగా చూడబోయేవారు సహజంగా దానితోనే మొదలుపెడతారు. నన్నడిగితే ముందు 'ద బిగమిస్ట్' చూడమంటాను. ఇద్దరిని పెళ్లాడిన మనిషి మీద న్యాయమూర్తి తీర్పు చెప్పే సమయంలో కూడా అతణ్ని అసహ్యించుకోనివ్వకుండా, అలాగని క్షమించనివ్వకుండా ఆమె ఎలా నడిపిందో అందులో తెలుస్తుంది.