మంత్రాక్షరం ఊడి పడితే ఏం చేయాలి?

కల్పిత లోకాల కథల్లో మంత్రాక్షరాలు వెయ్యేళ్లయినా చెక్కు చెదరవు. గుహ తలుపు తెరవగానే నీలంగా వెలుగుతూ కనిపిస్తాయి. రాయికి ఉప్పు పట్టదు, సిరా వెలవదు, పురుగు ముట్టదు. మంత్రమే కాపాడిందని సరిపెట్టేస్తారు. ఆ లోకం మీద నా నమ్మకం సడలేది సరిగ్గా అక్కడే. ఆ గుర్తును నిలబెట్టడానికి తరతరాలుగా ఎవరో పడ్డ పాట్లు కనిపిస్తేనే దాని విలువ పాఠకుడికి తెలుస్తుంది.

కథ మొదలుపెట్టే ముందే ఒకటి తేల్చుకోండి: శక్తి ఎక్కడుంది? ఆకారంలో ఉంటే నకలు తీసుకుంటే చాలు, మూలం పోయినా నష్టం లేదు. సిరాలోనో రాతిలోనో ఉంటే నకలు దండగ, ఆ పాత పత్రాన్నే బతికించుకోవాలి. గీసే వరుసలో ఉంటే రాత మిగిలినా ఉపయోగం లేదు. ఏ గీత ముందో, ఏది తర్వాతో గురువు చేతి నుంచి శిష్యుడి చేతికి దిగాల్సిందే. ఈ మూడింటిలో ఒకదాన్నే పట్టుకుంటే మిగతా నియమాలు వాటంతటవే వస్తాయి.

సిరా సంగతి చూడండి. మాచికాయల (ఓక్ చెట్ల కొమ్మల మీద పుట్టే బుడిపెల) కషాయంలో అన్నభేది అనే ఇనుప లవణం కలిపి, తుమ్మజిగురుతో చిక్కబరిస్తే వచ్చే సిరా రాసేటప్పుడు పేలవంగా ఉంటుంది. గాలి తగిలేకొద్దీ నల్లబడుతుంది. మంత్రాలు రాయడానికి ఇంతకంటే తగిన సిరా నాకు తోచదు. అయితే అన్నభేది మోతాదు మించితే, మిగిలిపోయిన ఇనుమూ ఆమ్లమూ కలిసి కాగితాన్ని గీత వెంబడే తినేస్తాయి. మొదట గీత చుట్టూ గోధుమరంగు నీడ కమ్ముతుంది. తర్వాత అది పేజీ వెనక్కి దిగుతుంది. ఆపైన గీత పొడుగునా సన్నటి పగుళ్లు వస్తాయి. చివరికి ఎవరో పేజీ తిప్పినప్పుడు అక్షరం ముక్కలై ఊడి పడుతుంది. పేజీలో మిగిలేది అక్షరం ఆకారంలో ఉన్న రంధ్రం.

మీ లోకంలో ఆ రంధ్రం పనిచేస్తుందా? శక్తి ఆకారంలోనే ఉందంటే పనిచేయాలి. అప్పుడు ఊడిన ముక్కలను ఎవరైనా ఏరి, వరసగా పేర్చి అతికించుకుంటే వాళ్ల దగ్గరా అదే ఆకారం ఉంటుంది. ఒక గుర్తు ఇద్దరి చేతుల్లో పడిందన్నమాట. నవల మొత్తం నడపడానికి ఈ ఒక్క చిక్కు చాలు.

ఇలాంటి పేజీకి గంజి పూసి కాగితం అంటించే సన్నివేశం మాత్రం రాయకండి. తడి తగిలితే ఇనుము కరిగి, శుభ్రంగా ఉన్న చోటికి పాకి అక్కడా తినడం మొదలుపెడుతుంది. గాలిలో తేమ 80 శాతం దాటినా ఇదే జరుగుతుంది. నిజంగా ఈ పని చేసేవాళ్లు పల్చటి కాగితానికి ముందే జెలటిన్ పూసి ఆరబెడతారు. అంటించే సమయానికి దాన్ని బంక తేలేంత మటుకే తడిపి, రాత మీద ఉంచి, పైన బరువు పెడతారు. మీ గ్రంథపాలకుడి చేత ఇదే పని చేయించండి. వానాకాలంలో ఆ గది తలుపు తెరవడానికి వాడు ఎందుకు ఒప్పుకోడో పాఠకుడికి వేరే చెప్పక్కర్లేదు.

మట్టి పలకల దారి వేరు. పచ్చి పలక నీళ్లలో కరిగిపోతుంది, కాల్చింది నిలుస్తుంది. క్రీ.పూ. 612లో అస్సీరియా రాజధాని నినెవే తగలబడినప్పుడు, అంతకుముందు అక్కడ ఏలిన రాజు అషుర్‌బనిపాల్ గ్రంథాలయంలోని పలకలు చాలా ఆ మంటల్లోనే కాలి గట్టిపడ్డాయి. మైనం పూసిన చెక్క పలకలు మిగల్లేదు. అంటే మీ కథలో శత్రువు గుడికి నిప్పు పెడితే మట్టి మీది మంత్రాలు మరింత గట్టిపడొచ్చు. కొలతల మీద ఆధారపడే మంత్రమైతే ఇంకో మెలిక ఉంది. మట్టి ఆరుతూ కాలుతూ కుదించుకుపోతుంది. ఆ మట్టి మొత్తం మీద 8 శాతం కుదిస్తుందనుకుంటే, 100 పాళ్ల వలయం కావాలంటే 109 పాళ్లకు గీయాలి. అంచులు ముందు ఆరితే పలక వంకర పోతుంది, వలయం చెడుతుంది. అందుకే అంచులకు తడిగుడ్డ చుట్టి ఆరబెట్టాలి. కాల్చేటప్పుడు తేమ పూర్తిగా పోకముందే సెగ పెంచితే లోపలి ఆవిరి పలకను పగలగొడుతుంది.

రాతి మీది గుర్తులకు నూనె, మైనం పట్టించి కాపాడే పూజారులు కథల్లో చాలామంది ఉన్నారు. అలాంటి పూత రాతి లోపలి తేమను బయటికి పోనివ్వదు. ఆ తేమతో వచ్చిన ఉప్పు పూత వెనకే గట్టిపడి, పైపొరను గుర్తుతో సహా పెచ్చులుగా ఊడగొడుతుంది. నకలు కావాలంటే అచ్చు తీయడమే మేలు. రాయిని మెత్తటి కుంచెతో దులిపి, తడి కాగితం పరిచి, గట్టి కుంచెతో కొడుతూ గీతల్లోకి దించాలి. సగం ఆరాక సిరా అద్దాలి. గీతలు తెల్లగా, చుట్టూ నలుపుగా వస్తుంది. కాగితం వెనక తిప్పితే గుర్తు ఎడమ కుడులు తారుమారవుతాయి. తిరగబడ్డ గుర్తు రక్షకు బదులు శాపమయ్యే లోకమైతే, అచ్చు తీసినవాడు దాన్ని ఏ వైపుగా చుట్టాడన్నది ప్రాణాల మీదికి వచ్చే విషయం.

దాచేటప్పుడు పూర్తి గుర్తును ఒకే చోట ఉంచనివ్వకండి. ఆఖరి గీత లేకుండా గుర్తును ఒక పత్రం మీద, ఆ గీతను ఇంకో ఊళ్లో, వరుస చెప్పే పట్టికను మూడో చోట పెట్టించండి. మరమ్మతుకూ ఇదే సూత్రం వర్తిస్తుంది. తెగిన గీతను కలిపేస్తే మంత్రం లేచి కూర్చుంటుంది కాబట్టి, పగులును వేరే రంగు పూతతో నింపి, రెండు కొనల మధ్య వెంట్రుకవాసి ఎడం వదలాలి. ఆ పూత అవసరమైనప్పుడు తీసేయగలిగేదై ఉండాలి. ఏ రోజు, ఎవరు, ఏ రంగుతో నింపారో పెట్టె మూత లోపలివైపు రాయించండి. వందేళ్ల తర్వాత వచ్చే పాత్రకు ఏది అసలు గీతో, ఏది అతుకో తెలిసే దారి అదొక్కటే.