60వ స్థానంలో ఆశ

మా నాన్నగారి రికార్డు ప్లేయరుకు పక్కన ఒక చిన్న మీట ఉండేది. దాని చుట్టూ రికార్డు నిమిషానికి ఎన్నిసార్లు తిరగాలో చెప్పే 33, 45, 78 అని అంకెలు. ఏలూరులో మా ఇంట్లో ఆ మీటను ముట్టుకునే హక్కు ఆయనది మాత్రమే. ఒకరోజు ఆయన ఆఫీసుకు వెళ్లాక 45 మీద తిరగాల్సిన 'తీస్రీ మంజిల్' హిందీ సినిమా పాటల చిన్న రికార్డును నేను 33 మీద పెట్టాను. ఆశా భోంస్లే గొంతు జ్వరంతో మూలుగుతున్న మగమనిషి గొంతులా సాగి సాగి వచ్చింది. హడలిపోయి సూది ఎత్తేశాను. రికార్డు పాడుచేశాననే భయంతో రెండు రోజులు అన్నం సహించలేదు.

ఆ 45 అనే అంకె మీద ఒక పాట ఉందని ఇంగ్లండులోని లెస్టర్‌కు వచ్చాకే తెలిసింది. 2004 చలికాలంలో అక్కడ మందుల దుకాణంలో చేరాను. రేడియో ఎప్పుడూ మోగుతూ ఉండేది. ఒక మధ్యాహ్నం మాత్రలు లెక్కపెడుతుంటే ఇంగ్లీషు పాటలోంచి "ఆశా" అన్న మాట చెవిన పడింది. చేతిలో లెక్క తప్పింది. ఎవరిదీ పాట అని అడిగితే పక్కనున్న గుజరాతీ అమ్మాయి నా వైపు వింతగా చూసింది. "కార్నర్‌షాప్. ఈ ఊళ్లో మొదలైన బ్యాండే కదా!"

నిజమే, 1991లో లెస్టర్‌లోనే మొదలైంది. పాట రాసి పాడిన తజిందర్ సింగ్ వుల్వర్‌హాంప్టన్‌లో పుట్టిన పంజాబీ. బ్రిటన్‌లో వీధి మూలన కిరాణా కొట్టు కనిపిస్తే అది మన ఉపఖండం వాళ్లదే అనుకోవడం అలవాటు. ఆ మాటనే వీళ్లు తలెత్తుకుని పేరుగా పెట్టుకున్నారు. నాకు ఆ పేరు మొదటి నుంచీ ఇష్టం.

ఆ పాట 'బ్రిమ్‌ఫుల్ ఆఫ్ ఆశా' సింగిల్‌గా, అంటే విడి పాట రికార్డుగా, 1997 ఆగస్టులో విడుదలైంది. అంచుల దాకా నిండిన ఆశ. ఆశ అంటే గాయని పేరు, ఆశ అంటే ఆశే కూడా. ఈ శ్లేషను మా దుకాణంలోని ఇంగ్లీషు వాళ్లకు విడమరిచి చెప్పాల్సి వచ్చింది. తెలుగువాళ్లకు ఆ అవసరం లేదు. తెర మీద పెదవులు కదిలేది ఒకరివి, గొంతు మరొకరిది అన్న సంగతీ అంతే. సుశీల, జానకి గొంతులు వింటూ పెరిగినవాళ్లకు తెర వెనకాల మనిషికి ఎవరైనా పాట కడితే ఎలా ఉంటుందో చెప్పనక్కర్లేదు. ఈ పాట కట్టింది అలాంటి మనిషికే. లతా పేరు వస్తుంది, రఫీ పేరు వస్తుంది, ఆకాశవాణి పేరు కూడా వస్తుంది. వాటి వెంట 45, 45 అని పల్లవిలా తిరుగుతుంది. నిమిషానికి 45 సార్లు తిరిగే ఆ ఏడంగుళాల రికార్డే ఈ పాటకు గుడి. మధ్యలో ఒకచోట ప్రభుత్వం కట్టే ఆనకట్టల ప్రస్తావన కూడా వస్తుంది. అది విన్నప్పుడల్లా పాట రాసినవాడు మన వార్తలూ విన్నాడని సంతోషం కలుగుతుంది.

ఆ పాట బ్రిటన్ సింగిల్స్ అమ్మకాల పట్టికలో 60వ స్థానం దగ్గర ఆగిపోయింది. అయితే ఆ డిసెంబరులో బీబీసీ రేడియోలో పాటలు వినిపించే జాన్ పీల్ కార్యక్రమం శ్రోతలు ఓట్లు వేసి ఎంచుకున్న ఏడాది పాటల్లో దానిదే మొదటి స్థానం. ఈ సంగతి నేను ఎవరితోనైనా గట్టిగా చెబుతాను, ఎందుకంటే చాలామంది ఈ పాటను నార్మన్ కుక్ నిలబెట్టాడని అనుకుంటారు. ఫ్యాట్‌బాయ్ స్లిమ్ పేరుతో అందరికీ తెలిసిన ఆయన దాని వేగం పెంచి, శ్రుతి పెంచి, డప్పు దట్టించి రీమిక్స్ చేశాడు. అది 1998 ఫిబ్రవరిలో వచ్చి నేరుగా ఒకటో స్థానం ఎక్కింది. అంతకు ముందు వారం అక్కడ సెలిన్ డియాన్ 'టైటానిక్' పాట ఉంది, తర్వాతి వారం మడోనా వచ్చింది. మధ్యలో ఒక్క వారం, దేశమంతా ఆశా పేరు పలికింది. ఆ వారం కోసం నార్మన్ కుక్‌కు నేను దణ్ణం పెడతాను. నా మనసు మాత్రం 60వ స్థానంలో ఆగిన పాట దగ్గరే ఉంది. అందులో గిటారు తొందరపడదు. అవే రెండు మూడు మెట్లు ఎక్కి దిగుతూ ఉంటుంది, సాయంత్రం అరుగు మీద కూర్చుని కాళ్లు ఊపుతున్నట్టు. తజిందర్ గొంతు కూడా పాడుతున్నట్టుగా ఉండదు, తనకు ఇష్టమైనవాళ్ల పేర్లు గుర్తు చేసుకుంటున్నట్టుగా ఉంటుంది. రీమిక్స్‌లో ఆడతాం, దీన్ని వింటాం.

పాత రికార్డుల దుకాణంలో ఆ మొదటి సింగిల్ దొరికినప్పుడు అట్టలోంచి తీసి వెలుగుకు వంచి చూశాను. రెండో వైపు గోరుతో గీసినట్టు ఒక సన్నని గీత. అయినా కొనేశాను.

నాన్నకు ఫోను చేసి ముందు సీడీలోని రీమిక్స్ వినిపించాను. 1988లో 'చిన్ని కృష్ణుడు' వచ్చినప్పుడు, ఆర్.డి. బర్మన్ సంగీతంలో బాలుతో కలిసి ఆశా తెలుగులో పాడిందని వీధంతా చెప్పి వచ్చిన మనిషి ఆయన. అర నిమిషం విని, "మీట చూసుకో అమ్మా, 78 మీద ఉందేమో" అన్నారు.

అప్పుడు రికార్డు పెట్టాను. మీట 45 మీదే ఉందని రెండుసార్లు చూసుకున్నాను. లతా పేరు దగ్గర ఆయన "ఆఁ" అన్నారు. రఫీ పేరు దగ్గర ఏమీ అనలేదు. పాట అయిపోయి సూది చివరి గాడిలో టిక్కు టిక్కుమంటుంటే కాసేపు ఇద్దరం అదే విన్నాం.

"సూది మార్చు," అన్నారు చివరికి. "మొద్దుబారింది. రికార్డు అరిగిపోతుంది."