ఆఫీసు నుంచి వచ్చాక వంట: ఎనిమిది నెలల పెన్సిల్ రాతలు

జూన్

మృగశిర కార్తెకు చేపల కూర వండిపెట్టి, ఆ వారంలోనే అమ్మ ఊరికి వెళ్లిపోయింది. మాది దేవరకద్ర దగ్గర పల్లె. వానలు మొదలయ్యాక అమ్మను మహబూబ్‌నగర్‌లో ఆపడం ఎవరి వల్లా కాదు. అప్పటిదాకా రాత్రి వంట ఆమెదే. నా భార్య టీచర్, బస్సు దిగి ఇల్లు చేరేసరికి ఏడవుతుంది. నేను ఆరుంబావుకే ఇంట్లో ఉంటాను. అట్లా గంటె నా చేతికొచ్చింది. అప్పటికి నాకు వచ్చినవి మూడే: అన్నం, టమాట పప్పు, కోడిగుడ్డు పొరటు.

ఇంట్లో మూడు వంట పుస్తకాలున్నాయి. ఒకటి అట్ట ఊడిపోయిన పాత తెలుగు పుస్తకం, మా మామగారింటి అటక మీది నుంచి వచ్చింది. ఇంకొకటి రంగు బొమ్మలతో, ప్రతి పేజీలో నిమిషాలు వేసి ఉన్నది. మూడోది కుక్కర్ వంటల మీద ఇంగ్లిష్ పుస్తకం, ఎవరో పెళ్లికిచ్చారు, పన్నెండేళ్లుగా తెరవలేదు. వీటికి తోడు రెండొందల పేజీల లాంగ్ నోట్‌బుక్, ఒక పెన్సిల్ కొన్నాను.

పద్ధతి ఇది. ఏ వంటయినా మొదటిసారి పుస్తకంలో ఉన్నట్టే చేయాలి, సొంత తెలివి వద్దు. రెండోసారి మార్చుకోవచ్చు. మూడోసారి అయ్యాక ఉంచాలా తీసెయ్యాలా తేల్చాలి. టైమ్ మాత్రం భుజం మీది బ్యాగు దించినప్పటి నుంచి పళ్లెం ముందు పెట్టేదాకా లెక్క.

మొదటి వారంలోనే తెలిసొచ్చింది. పుస్తకం 20 నిమిషాలన్న గోకరకాయ కూర నాకు 55 నిమిషాలు పట్టింది. ఈనెలు తీసి తుంచడానికే 22 నిమిషాలు. మళ్లీ పేజీ చూస్తే, కావలసినవి అన్నచోట ‘తుంచిన గోకరకాయలు పావుకిలో, సన్నగా తరిగిన ఉల్లిగడ్డ ఒకటి’ అని ఉంది. ఆ ‘తుంచిన’, ‘తరిగిన’ అన్న మాటల్లోనే సగం వంట దాగి ఉంది. పుస్తకం గడియారం తరగడం అయిపోయాక మొదలవుతుంది, నాది బ్యాగు దించగానే మొదలవుతుంది.

ఇప్పుడు గోకరకాయ, చిక్కుడుకాయ, పుంటికూర లాంటివి ముందురోజు రాత్రే టీవీ ముందు కూర్చుని ఒలుస్తున్నాం. పిల్లలకు కూడా చెరో గుప్పెడు. పుంటికూర మాత్రం ముందే కడిగితే మెత్తబడి నల్లబడుతోంది. ఒలిచి, పొడిబట్టలో చుట్టి, వండేముందు కడగాలి.

జూలై

ఆదివారం పొద్దున ఒక గంట పొడుల పని. పల్లీలు పావుకిలో, సన్నమంట మీద 10 నుంచి 12 నిమిషాలు. మంట పెంచితే పైన మాడుతుంది, లోపల పచ్చిగా ఉంటుంది. పూర్తిగా చల్లారాక పొట్టు నలిచి, చెరిగి, మిక్సీలో ఆపి ఆపి తిప్పాలి. మొదటిసారి ఒకటే పట్టున తిప్పితే నూనె వదిలి ముద్దయింది. పారెయ్యలేదు, వంకాయ కూరలో వేశాను. ఆ కూరకే ఇంట్లో మంచి పేరొచ్చింది. పల్లి పండే జిల్లాలో ఉండి ప్యాకెట్ పొడి కొనడం నాకు నామోషీ. జడ్చర్ల పనిమీద పోయినప్పుడల్లా బాదేపల్లిలో రెండు కిలోలు తెచ్చుకుంటున్నాను.

నువ్వులు 100 గ్రాములు, చిటపటలాడగానే వేరే పళ్లెంలోకి ఒంపేయాలి. మంట ఆపి అదే మూకుడులో వదిలేస్తే ఆ వేడికే మాడి చేదెక్కుతాయి. రెండుసార్లు చేదెక్కాయి, రెండుసార్లూ ఫోన్ మాట్లాడుతున్నాను.

పచ్చిపులుసు 18 నిమిషాలు. ఇప్పటిదాకా దీన్ని మించింది లేదు. బ్యాగు దించగానే నిమ్మకాయంత చింతపండు మామూలు నీళ్లలో వేయాలి. ఈలోపు నాలుగు పచ్చిమిరపకాయలు మంట మీద కాల్చి, ఉప్పు, జీలకర్ర, కొత్తిమీరతో నలపాలి. ఉల్లిగడ్డ సన్నగా తరిగి అందులోనే చేత్తో పిసికి, పులుసు పిండి, రెండు చెంచాల నువ్వుల పొడి కలిపి, పోపు వేయాలి. మరిగించేది లేదు. ఆదివారం తీసిపెట్టిన గుజ్జుతో చేస్తే రెండు నిమిషాలు కలిసొస్తాయి గాని, అప్పుడే నానబెట్టిన రుచి రాలేదు. గుజ్జు పప్పుచారుకే.

అన్నం సంగతి ఒక ముక్క. పుస్తకాలు మూడూ గ్లాసు బియ్యానికి రెండు గ్లాసుల నీళ్లు అంటాయి. మేం తినేది ఆర్‌ఎన్‌ఆర్ అనే సన్నబియ్యం. కొత్త బియ్యం వచ్చినప్పుడు గ్లాసుకు ముప్పావు తక్కువ రెండు పోస్తే, అంటే గ్లాసుంబావు, పలుకుగా ఉంది. రెండు పోస్తే ముద్దయింది. ఒకటిన్నరకు కొద్దిగా పైన పోస్తే సరిపోయింది. సంచి మారినప్పుడల్లా ఇది మళ్లీ చూసుకోవాల్సిందే.

ఆగస్టు

నెలంతా జొన్నరొట్టె. ఇది రాత్రి వంటగా పనికొస్తుందా లేదా తేల్చుకోవాలనుకున్నాను.

మొదటి రోజు ఆరు కొడితే రెండే నిలిచాయి. మిగతావి పెంక మీదికి పోయేలోపే అంచుల్లో పగిలాయి. రంగు బొమ్మల పుస్తకం చెప్పింది ‘వేడినీళ్లతో పిండి కలపండి’ అని, అంతే. ఎంత వేడి, ఎన్ని నీళ్లు, ఎంతసేపు పిసకాలి, ఏదీ లేదు. మూడోరోజు అమ్మకు ఫోన్ చేశాను.

"పిండి పట్టించి ఎన్ని దినాలైంది బిడ్డా?"

"పట్టించలేదమ్మా, షాపులో ప్యాకెట్ తెచ్చిన."

"ఇగ ఎట్లొస్తది? గా పుస్తకంల గిది రాయలేదా?"

రాయలేదు. రెండు కిలోల తెల్లజొన్నలు కొని గిర్నీలో పట్టించుకొచ్చాను. అదే చెయ్యి, అదే పెంక, ఆరింట్లో నాలుగు నిలిచాయి. పట్టించిన రెండు వారాల తర్వాత మళ్లీ అంచులు పగలడం మొదలైంది. అందుకే ఇప్పుడు ఒక్కసారికి కిలోనే.

నాకు కుదిరిన లెక్క: 200 గ్రాముల పిండికి 200 మిల్లీలీటర్ల నీళ్లు, చిటికెడు ఉప్పు. నీళ్లు తెర్లాలి, బుడగలొస్తే చాలదు. సగానికి పైగా పిండి వేసి గంటెతో కలిపి, మూతపెట్టి ఐదు నిమిషాలు వదిలి, మిగతా పిండి చల్లుకుంటూ అరచేతి మడమతో పిసకాలి. గోధుమలో ఉండే జిగురు జొన్నలో లేదు. తెర్లే నీళ్లకు పిండి కొంత ఉడికితేనే పట్టు వస్తుంది. పిసకడం ఏడెనిమిది నిమిషాలు. ఒక ఉండ తీసుకుని వేలితో అంచు నొక్కితే చీలకూడదు, చీలితే ఇంకా పిసకాలి. అన్నీ ఒకేసారి ఉండలు చేసిపెడితే ఆరిపోతాయి, ఏ ఉండ ఆ ఉండకే తడిచేత్తో మళ్లీ పిసకాలి.

కొట్టేటప్పుడు పీట మీద పొడిపిండి ఎక్కువే ఉండాలి. రొట్టె కదులుతూ దానంతటది తిరగాలి, మనం లాగి తిప్పకూడదు. పెంక మీద వేశాక పొడిపిండి ఉన్న వైపు పైకి వస్తుంది, దాని మీద తడిగుడ్డతో నీళ్లు పామాలి. ఆ తడి ఆరీ ఆరకముందే తిప్పాలి. పూర్తిగా ఆరనిస్తే పగుళ్లు వస్తాయి. నాకు ఈ ఒక్క క్షణం చేతికి రావడానికి పదిహేను రోజులు పట్టింది.

నెలాఖరుకు ఆరుకు ఆరు. టైమ్ మాత్రం 50 నిమిషాల కన్నా దిగలేదు. అందుకని రాత్రి వంట నుంచి కొట్టేశాను. శనివారం రొట్టె, పల్లీల తొక్కు, పుంటికూర పప్పు. మా చిన్నోడు నా మొదటి రొట్టెను చూసి ఇండియా మ్యాప్ అన్నాడు, అది కూడా నోట్‌బుక్‌లో ఉంది.

సెప్టెంబర్, అక్టోబర్

సద్దుల బతుకమ్మకు అమ్మ వచ్చింది. పులిహోర సద్ది నేనే చేస్తానన్నాను, పాత పుస్తకం చూసి. ‘బియ్యం సేరు, చింతపండు 8 తులాలు.’ సేరంటే కిలోకి దగ్గర కదా అని కిలో బియ్యం. తులమంటే బంగారం కొట్టువాళ్ల లెక్క, 10 గ్రాములు, కాబట్టి 80 గ్రాముల చింతపండు. అమ్మ ఒక ముద్ద నోట్లో పెట్టుకుని, "పులుపేది రా?" అంది.

తర్వాత కూర్చుని లెక్కేశాను. ఆ పుస్తకం నాటి తులం 11.66 గ్రాములు, అట్లాంటివి 80 అయితే సేరు, అంటే 933 గ్రాములు. మెట్రిక్ చట్టం వచ్చింది 1956లో, ఈ పుస్తకం ఆ పాత లెక్కల్లోనే రాసింది. కాబట్టి వేయాల్సింది 933 గ్రాముల బియ్యానికి 93 గ్రాముల చింతపండు. పులుపు ఐదోవంతు తగ్గిపోయింది. బియ్యంలో కాస్త, చింతపండులో కాస్త, రెండు తప్పులూ ఒకే వైపు లాగాయి. పుస్తకం లోపలి అట్ట మీద ఇప్పుడు పెద్దక్షరాలతో ‘తులం = 11.66’ అని రాసిపెట్టాను.

సర్వపిండి కూడా అప్పుడే. మావాళ్లలో తపాలచెక్క అనేవాళ్లూ ఉన్నారు. రెండు గ్లాసుల బియ్యప్పిండి, గంటసేపు నానిన శనగపప్పు పావు గ్లాసు, కచ్చాపచ్చాగా దంచిన పల్లీలు, నువ్వులు, ఉల్లికాడ, కరివేపాకు, పచ్చిమిర్చి–ఎల్లిగడ్డ ముద్ద. ఇవన్నీ ఏ పుస్తకంలోనైనా ఉన్నాయి. లేనిదల్లా ఇది: పిండిని చల్లటి గిన్నెలోనే ఒత్తగలం. మొదటిది దిగాక ఆ కాలే గిన్నెలో రెండోది ఒత్తబోయి వేళ్లు కాల్చుకున్నాను. రెండు మూకుళ్లు పెట్టుకోవాలి. ఒకటి పొయ్యి మీద ఉంటే రెండోది బోర్లించి కింద నీళ్లు పోసి చల్లార్చాలి. వేలితో చేసిన గుంతల్లో నూనె చుక్కలు, మూత, సన్నమంట 12 నుంచి 15 నిమిషాలు. అంచు గిన్నెను వదిలితే అయినట్టు.

నవంబర్, డిసెంబర్

పెద్దగా లేదు. కుక్కర్ పుస్తకం కోడికి మూడు కూతలంది. ఆదివారం నాటుకోడి తెచ్చాను, మూడు కూతలకు దవడలు నొప్పి పుట్టాయి. ఏడు పెడితే ఉడికింది. కూతలు మంటను బట్టి మారుతున్నాయి కాబట్టి ఇప్పుడు మొదటి కూత తర్వాత సన్నమంట మీద 25 నిమిషాలు అని రాసుకున్నాను. ఆఫీసులో ఆడిట్ ఉన్న మూడు వారాలు నోట్‌బుక్ ఖాళీ. కర్రీపాయింట్ జిందాబాద్.

డిసెంబరు చివరికి లెక్క: చేసి చూసినవి 46. రాత్రి వంటకు నిలిచినవి 17, శని ఆదివారాలకు 11. మిగతా 18 కొట్టేశాను. వాటిలో సగం రుచి లేక కాదు, తోమాల్సిన గిన్నెలు ఎక్కువై.

జనవరి

సంక్రాంతికి ఊరికి పోయాం. సకినాలు. బియ్యం ముందు రాత్రే నానబోసి, పొద్దున వడకట్టి, తడి ఉండగానే గిర్నీకి పట్టుకుపోయారు. పిండిలో నువ్వులు, వాము, ఉప్పు. అరుగు మీద తెల్లబట్ట పరిచి అమ్మ, చిన్నమ్మ, మేనత్త కూర్చున్నారు. బొటనవేలు, చూపుడువేలు మధ్య పిండి మెలికలు తిరుగుతూ దిగుతుంటే చుట్టు మీద చుట్టు పడుతోంది. నేను చేస్తే అరచుట్టుకే తెగుతోంది. నోట్‌బుక్ తీసి, ఎన్ని నీళ్లు చల్లారు, ఎన్ని చుట్లు వేశారు అని రాసుకుంటున్నాను.

"నువ్వు గట్ల రాసుకుంట కూసుంటె పిండి ఆరుతది, గిన్నె మీద తడిబట్ట కప్పు" అంది అమ్మ.

ఆ రోజు పేజీలో ఉన్నది అదొక్కటే: ‘తడిబట్ట కప్పాలి.’